పంజరము, ప్రేక్షకుడు: కోకో ఫుస్కో కృతులలో డాక్యుమెంటరీ స్థానము

ప్రదర్శనకళను, దృశ్యకళను, డాక్యుమెంటరీ చిత్రమును ఒకే ప్రయోజనమునకై వినియోగించిన వారిలో అమెరికా కళాకారిణి కోకో ఫుస్కో గణనీయురాలు. ఈమె 1960లో న్యూయార్కున జన్మించెను. తల్లి క్యూబా దేశీయురాలు. ప్రదర్శనను గూర్చి తీసిన చిత్రము ఆ ప్రదర్శనకు నకలు మాత్రమే యని తలచుట సులభము. అది వేరొక కృతి యనియు, దాని గుణదోషములు వేరనియు నిరూపించుట మా యుద్దేశము.

కొలంబసు అమెరికా చేరి 500 ఏండ్లు నిండిన 1992లో, ఫుస్కో మెక్సికోలో పుట్టిన గిల్యెర్మో గోమెస్-పేన్యాతో కూడి ఒక ప్రదర్శన నారంభించెను. ఇరువురును మెక్సికో సింధుశాఖలో ‘గ్వాటినావ్’ అను కల్పిత ద్వీపమునుండి వచ్చిన ఆదివాసులుగా వేషము దాల్చి, బంగారు వన్నె పంజరమున నిలిచిరి. బొమ్మలు కుట్టుట, బరువు లెత్తుట, టెలివిజను చూచుట వారి నిత్యకృత్యములు. రుసుము చెల్లించినచో ఆమె నాట్యమాడును. అతడు అర్థము లేని భాషలో కథ చెప్పును. మాడ్రిడ్‌లోని కొలంబసు కూడలి, లండనులోని కోవెంట్ గార్డెన్ మున్నగునవి వారికి రంగస్థలములైనవి.

మానవుని పంజరమున నుంచుట కల్పన కాదు. 1906లో కాంగో దేశీయుడైన ఓటా బెంగాను న్యూయార్కులోని బ్రాంక్స్ జంతుశాలలో ప్రదర్శించిరి. ఆ చరిత్రను పరిహసింపవలెనని కళాకారులు తలచిరి. కాని చూచినవారిలో ననేకులు వేషమును నిజమని నమ్మిరి. మన పగటివేషములలో అర్ధనారీశ్వరుని చూచు గ్రామస్థునకు ఎదుట నున్నవాడు నటుడని తెలియును; ఆ తెలివియే రసాస్వాదమునకు మూలము. ఇచట ఆ యొడంబడిక లేదు. కావున హాస్యము కొందరి విషయమున వంచన యైనది.

పౌలా హెరేడియాతో కలిసి ఫుస్కో 1993లో నిర్మించిన ‘ది కపుల్ ఇన్ ది కేజ్’ చిత్రమున కెమెరా ప్రేక్షకుల వంకకు తిరిగినది. నమ్మినవారి మాటలు, నవ్వులు, జాలి, పూర్వపు మానవప్రదర్శనల చిత్రముల సరసన నిలిచినవి. పంజరము వెలుపల నున్నవారే పరిశీలనావస్తువులైరి. ప్రదర్శనలో చూపరి తన్ను తాను చూడజాలడు. చిత్రము ఆ లోపమును తీర్చినది. దాని స్వతంత్రత ఇదియే.

అయినను ఒక దోషము మిగిలినది. చిత్రమును చూచువానికి రహస్యము ముందే తెలియును. మోసపోయినవారిని చూచి నవ్వుచు, తాను వారివంటివాడను కానని సుఖముగా కూర్చుండును. తెలిసినవా డను ఉన్నతాసనమును చిత్రమే అతనికి సమకూర్చుచున్నది. పంజరము తొలగలేదు, స్థానము మారినది.

2006లో వెలువడిన ‘ఆపరేషన్ ఆట్రపాస్’ ఈ దోషమునకు ప్రత్యుత్తర మని మా యభిప్రాయము. అందు ఫుస్కోయు మరికొందరు స్త్రీలును, విశ్రాంత అమెరికా సైనిక విచారణాధికారులకు రుసుము చెల్లించి, యుద్ధఖైదీల పాత్రలకు లోబడిరి. అది కృత్రిమమని అందరెరుగుదురు. ఎవరును వంచితులు కారు. అయినను వారి భయము, అలసట ముఖముల గన్పట్టును. రహస్య మెరిగిన ప్రేక్షకుడు సైత మిచట నవ్వజాలడు. తెలివి అతనికి రక్ష కాలేదు.

మొదటి చిత్రము వంచితుల అజ్ఞానమును చూపినది. రెండవది ఎరుక గలవాని నిస్సహాయతను చూపినది. రెంటిలో మొదటిదే ప్రసిద్ధము. రెండవదియే న్యాయతరమని మేము తలంతుము. పరులను పరీక్షించు కళ తన్ను పరీక్షకు లోబరచుకొన్ననాడే ఆ పరీక్షకు అధికారము కలుగును.