ఫియోనా నిజరూపం: యానిమేషన్ పునఃకథనాలలో అంతఃసౌందర్యం, ఆత్మాంగీకారం

శాపాంతంలో నిజరూపం పొందడం మన పురాణ, ప్రబంధ కథలకు సుపరిచితమైన కథాంశం. ఐరోపా అద్భుత కథలలోనూ ఇది విస్తారంగా కనిపిస్తుంది. అక్కడ నిజరూపమంటే దాదాపుగా సుందర రూపమే. అంతఃసౌందర్యమే గొప్పదని చాటే యానిమేషన్ పునఃకథనాలు ఈ కట్టుబాటును ఎంతవరకు దాటాయన్నది పరిశీలించవలసిన విషయం.

డిస్నీ సంస్థ 1991లో నిర్మించిన 'బ్యూటీ అండ్ ది బీస్ట్'కు ఫ్రెంచి రచయిత్రి లెప్రాన్స్ ద బోమోం 1756లో ప్రచురించిన కథ ఆధారం. ఆ కథలో మృగరూపానికి కారణం ఒక దుష్ట దేవత శాపమే గాని రాజకుమారుడి దోషం కాదు. చిత్రం దీనిని మార్చింది. వృద్ధురాలి వేషంలో వచ్చిన మంత్రగత్తెను రూపం చూసి ఈసడించినందుకు రాజకుమారుడు శిక్షగా మృగమవుతాడు. పైకి ఇది రూపదృష్టిని ఖండించే మార్పే. కాని దీనివల్ల వికారం హృదయదోషానికి చిహ్నమైంది. హృదయం మారగానే అందం బహుమానంగా తిరిగి వచ్చింది. గాస్టన్ అందగాడైన దుష్టుడన్న మాట నిజమే. ఆ పాత్ర ఈ ముడిని సడలిస్తుంది గాని విప్పదు.

'ష్రెక్' (2001) విషయం మరింత జటిలమైనది. దీనికి మూలమైన విలియం స్టైగ్ బొమ్మల పుస్తకంలో (1990) రాకుమారి మొదటినుంచీ కురూపి. ఆమెకు శాపమూ లేదు, సంకోచమూ లేదు. చిత్రం ఆమెకు ఫియోనా అని పేరు పెట్టి, పగలు మానవ రూపాన్ని, రాత్రి రక్కసి రూపాన్ని కల్పించింది. అంటే దాచుకోవలసిన రూపమన్న భావన పునఃకథనంలోనే పుట్టింది. శాపం తీరినప్పుడు ఆమె రక్కసిగానే మిగలడం సంప్రదాయాన్ని తలకిందులు చేసిన ఘట్టంగా ప్రసిద్ధం. అయితే ఆ క్షణంలో ఫియోనా ఆశ్చర్యపడుతుందే తప్ప ఎంచుకోదు. తాను అందంగా ఉన్నానన్న నమ్మకం ష్రెక్ మాట వల్లనే ఆమెకు కలుగుతుంది. దీనిని ఆత్మాంగీకారమనడం కంటే పరుల ఆమోదమనడం సమంజసం. పైగా ఇదే చిత్రం ఫార్‌క్వాడ్ ప్రభువు పొట్టితనాన్ని పదేపదే నవ్వులపాలు చేస్తుంది. అతడి క్రూరత్వాన్ని గర్హించడానికి ఆ ఎగతాళి అవసరమేమీ లేదు. రూపాన్ని బట్టి మనిషిని కొలవరాదన్న సూత్రం నాయికానాయకులకే పరిమితమైపోయింది.

ఆత్మాంగీకారం నిజంగా కథావస్తువయ్యేది 'ష్రెక్ 2' (2004)లో. ష్రెక్ తాగిన మంత్రౌషధం ఇద్దరినీ సుందర మానవులుగా మారుస్తుంది. ఆ నిర్ణయంలో ఫియోనా ప్రమేయం లేదు. అర్ధరాత్రిలోగా ముద్దాడితే ఆ రూపాలు శాశ్వతమవుతాయి. ష్రెక్ అందుకు సిద్ధపడినా, తాను పెళ్లాడిన రక్కసుడే తనకు కావాలని ఫియోనా నిరాకరిస్తుంది. మొదటి చిత్రంలో శాపఫలంగా మిగిలిన రూపాన్ని ఇక్కడ తెలిసి కోరుకుంటుంది. అందం అందుబాటులో ఉండగా దానిని వదులుకోవడమే ఈ ఘట్టానికి బలం. అదే ఔషధంతో అశ్వరాజమైన గాడిద మాత్రం పూర్వరూపం రాగానే దిగులుపడుతుంది. ష్రెక్ దానిని కూడా మాటతోనే ఓదారుస్తాడు.