లేత కేల్‌కు ఎరువు తొందర వద్దు

చలి మొదలవగానే హైదరాబాద్ మిద్దె తోటల్లో పాలకూర, మెంతికూర పక్కన ఇప్పుడు కేల్ కుండీలు కూడా కనిపిస్తున్నాయి. క్యాబేజీ, కాలీఫ్లవర్, నూల్‌కోల్ ఏ జాతివో ఇదీ ఆ జాతిదే. కాకపోతే గడ్డ కట్టదు. కింది ఆకులు కోసుకుంటూ పోతే పైన కొత్తవి వస్తూనే ఉంటాయి. దీనికి ఎరువు పెట్టడంలో మాత్రం చాలామంది తొందరపడుతున్నారు. నారు నాటిన రెండు మూడు రోజులకే మొదలు దగ్గర చెంచాడు యూరియానో, గుప్పెడు వేరుశనగ పిండినో వేసేస్తున్నారు. ఆకుకూర కదా, ఎంత వేస్తే అంత ఏపుగా వస్తుందని నమ్మకం. నా వాదన దీనికి పూర్తిగా ఎదురు. లేత కేల్‌కు కావలసిన తిండి నాటకముందే మట్టిలో కలిసి ఉండాలి. నాటాక మొక్క వేళ్లూని కొత్త ఆకులు వేసేదాకా పైనుంచి ఏమీ వేయకూడదు. ఆ తర్వాత వేసేదైనా కొంచెం కొంచెంగానే వేయాలి.

మొలకకు మొదటి రోజుల తిండి గింజలోనే ఉంటుంది. ముందుగా విచ్చుకునే, గుండె ఆకారంలో ఉండే రెండు బీజదళాలే దాన్ని పోషిస్తాయి. అసలు ఆకులు వచ్చాక అవి పసుపెక్కి రాలిపోవడం సహజం. దాన్ని చూసి బలం చాలలేదని కంగారుపడి ఎరువు వేస్తే నష్టమే. నారు పీకి నాటినప్పుడు సన్నని వేళ్లు ఎన్నో తెగుతాయి. అలాంటి వేళ్ల పక్కన ఎరువు కరిగి మట్టిలో లవణం పెరిగితే మొక్క నీళ్లు తీసుకోలేదు. యూరియా అయితే మట్టిలో విడిపోయేటప్పుడు అమోనియా పుడుతుంది, అది లేత వేరును కాలుస్తుంది. ఇక మోతాదు లెక్క చూద్దాం. పొలంలో క్యాబేజీకి పంటకాలం మొత్తానికి ఎకరాకు 50 కిలోల నత్రజని వేశారనుకుందాం. చదరపు మీటరుకు దాదాపు 12 గ్రాములు. అడుగు వెడల్పున్న కుండీ మట్టి పైభాగం చదరపు మీటరులో పద్నాలుగో వంతు మాత్రమే, అంటే దాని వాటా ఒక గ్రాము కూడా కాదు. యూరియాలో నత్రజని 46 శాతం. చెంచాడు యూరియా 4 గ్రాముల దాకా తూగుతుంది. ఆ ఒక్క చెంచాతో పంటకాలం మొత్తానికి సరిపోయే నత్రజనికి రెట్టింపు ఒక్క పూటలో పడుతోందన్నమాట. పొలంలో రైతు కూడా అంతా ఒకేసారి వేయడు, దఫాలుగా వేస్తాడు.

పొలం లెక్క కుండీకి వర్తించదనేవాళ్లున్నారు. కుండీలో మట్టి తక్కువ, రోజూ పోసే నీళ్లతో పోషకాలు అడుగు రంధ్రం గుండా కొట్టుకుపోతాయి కాబట్టి ఎక్కువ వేయాలంటారు. కొట్టుకుపోవడం నిజమే. కానీ ఎక్కువ వేస్తే ఎక్కువే కొట్టుకుపోతుంది. నిలవనిదాన్ని ఒకేసారి పోయడం కంటే మొక్క వాడుకోగలిగినంతే అందించడం మేలు. సేంద్రియ ఎరువులు ఎంత వేసినా ప్రమాదం లేదన్నది మరో మాట. దీన్ని నేను అసలు ఒప్పుకోను. వేరుశనగ పిండిలో నత్రజని నూటికి 7 పాళ్ల వరకు ఉంటుంది. తడి తగిలి కుళ్లేటప్పుడు వేడెక్కుతుంది, అమోనియా వదులుతుంది, చీమల్ని పిలుస్తుంది. మాగని కోళ్ల ఎరువు ఇంకా ఘాటు. పచ్చి పేడలో అయితే కలుపు గింజలే కాదు, రోగకారక సూక్ష్మజీవులూ ఉండొచ్చు. కేల్ ఆకును పచ్చిగా సలాడ్లలో తినేవాళ్లు దీన్ని తేలిగ్గా తీసుకోకూడదు.

నత్రజని మితిమీరితే మొక్క బాగున్నట్టే కనిపిస్తుంది, చిక్కు అక్కడే. ఆకులు ముదురాకుపచ్చగా, పెద్దవిగా, మెత్తగా వస్తాయి. ఆ మెత్తదనమే పేనుబంకకు ఇష్టం. ఆకును తిప్పి ఈనె పక్కన చూడండి. బూడిద పూసినట్టుండే చిన్న పురుగులు గుంపుగా అతుక్కుని ఉంటాయి. పైగా మొక్క వాడుకోలేని నత్రజని ఆకులో నైట్రేటుగా పేరుకుంటుంది, ఎండ తక్కువ తగిలే బాల్కనీలో ఇంకా ఎక్కువ. తాజా పాలకూరలో నైట్రేటు కిలోకు 3,500 మిల్లీగ్రాములు దాటకూడదని యూరోపియన్ యూనియన్ పరిమితి పెట్టుకుంది. మన కుండీల్లో అంత చేరుతుందని నేననడం లేదు; ఆకుకూరలో నత్రజని ఎంత ఉన్నా మంచిదే అనుకోకూడదనడానికి ఇది చాలు.

మరి ఎరువు తక్కువైందని ఎలా తెలుస్తుంది? కింది ముదురాకులు మొత్తంగా పసుపెక్కుతుంటే నత్రజని చాలడం లేదు. మొక్క ఉన్నదాన్ని పాతాకుల నుంచి లాగి చిగురుకు పంపుతోంది. అలాకాక ఈనెలు పచ్చగా ఉండి కొత్తాకులే పాలిపోతే అది చాలావరకు ఇనుము లోపం. బోరు నీళ్లలో సున్నం ఎక్కువున్న ఇళ్లలో ఇది మామూలే, యూరియాతో తీరదు. మట్టి ఎప్పుడూ తడిగా ఉండి ఆకులు పసుపెక్కితే, ముందు తగ్గించాల్సింది నీళ్లు.

రెండు పాళ్ల మట్టికి ఒక పాలు బాగా మాగిన పశువుల ఎరువో, వర్మీ కంపోస్టో, గుప్పెడు వేపపిండితో కలిపి నాటడానికి వారం పది రోజుల ముందే తడిపి ఉంచాలి. నాటిన మూడు వారాలకు, ఐదారు అసలు ఆకులు కనిపించాక, మొదలుకు తగలకుండా కుండీ అంచు వెంబడి గుప్పెడు వర్మీ కంపోస్టు వేసి పైమట్టిని కదిలించి నీళ్లు పోయాలి. మూడు వారాలకోసారి ఇదే చాలు. యూరియా వాడేవాళ్లతో నాకు పేచీ లేదు. కంపోస్టు బదులు లీటరు నీటికి ఒక గ్రాము కరిగించి, తడి మట్టిలో కుండీకి గ్లాసుడు పోయొచ్చు. ఫిబ్రవరి చివర ఎండలు ముదిరాక కేల్ మందగిస్తుంది. వేడి వల్ల ఆగిన పెరుగుదల ఎరువుతో తిరిగి రాదు కాబట్టి అప్పుడు ఎరువు ఆపేసి, అందిన ఆకులు కోసుకుని, ఆ కుండీలోనే తోటకూర విత్తనాలు చల్లుకోవచ్చు. మిగిలిన కంపోస్టు మీదే దాని మొదటి వారాలు గడిచిపోతాయి.