సందు చుక్కల సముద్రం

రాకెట్ వెలుగు కనబడగానే మా మేనల్లుడు ఒకటి, రెండు అని లెక్కపెట్టడం మొదలుపెడతాడు. మిద్దె మీద మిగతావాళ్లం ఫోన్లు పైకెత్తి నిలబడి ఉంటాం. వాడు ఎనభై దగ్గరికి వచ్చేసరికి చప్పుడు వచ్చి చేరుతుంది. కింద వంటింట్లో స్టాండులోని స్టీలు పళ్లేలు ఒకదాన్నొకటి తాకుతూ సన్నగా మోగుతాయి. శ్రీహరికోట ప్రయోగ వేదికల నుంచి మా ఊరు తడకు నేరుగా కొలిస్తే పాతిక ముప్పై కిలోమీటర్లు. మధ్యలో పులికాట్ సరస్సు. సెకనుకు 340 మీటర్ల చొప్పున వచ్చే చప్పుడుకు ఆ మాత్రం సేపు పడుతుంది మరి.

వాడికి కొరుకుడుపడనిది వేరే ఉంది. అదే పీఎస్‌ఎల్‌వీ ఒకసారి లేస్తే కిటికీ అద్దాలు గడగడలాడతాయి. ఇంకోసారి హైవే మీద లారీ పోయినంత మోత కూడా ఉండదు. "ఈసారి ఇంజను చిన్నదా మామా?" అంటాడు. ఇంజనుది కాదురా, దారిది. ఎండపూట నేల దగ్గర గాలి వేడిగా, పైన చల్లగా ఉంటుంది కాబట్టి చప్పుడు పైకి వంగి మన నెత్తి మీదుగా పోతుంది. రాత్రి చల్లగాలి కింద, వెచ్చనిది పైన ఉన్నప్పుడు అదే చప్పుడు కిందికి వంగి మన మిద్దె మీదికే వస్తుంది. గాలివాటు దాని లెక్క అది కలుపుతుంది.

ఇరవై ఏళ్లకు పైగా నా అన్నం ఈ దారి లెక్కల్లోంచే వచ్చింది. భూమిలో భూకంప తరంగం, సముద్రంలో సునామీ ఎటు వంగుతాయో, ఎప్పుడు ఎక్కడికి చేరతాయో కంప్యూటర్‌లో కట్టి చూడటం నా పని. ఊళ్లో అడిగినవాళ్లకు "కంప్యూటర్ పని" అని ఊరుకుంటాను. వివరం కావాలని పట్టుబడితే మాత్రం మా అమ్మ వేసే ముగ్గు దగ్గర మొదలుపెడతాను.

ధనుర్మాసంలో వీధి వాకిట్లో అమ్మ పెట్టేది పదిహేను చుక్కలు, సందు చుక్క ఎనిమిది వరకు. సముద్రాన్ని మేమూ అలాగే పెడతాం. అసలు నీరు అంతటా ఉంటుంది. కంప్యూటర్‌కు మాత్రం చుక్కల దగ్గరే ఉంటుంది. చుక్క దగ్గర నీటి మట్టం ఎంతో రాసుకుంటాం. రెండు చుక్కల సందులో నీరు ఎటు, ఎంత జోరుగా పోతోందో రాసుకుంటాం. మట్టాల్లో తేడా ఉంటే సందులో జోరు మారుతుంది. జోరు మారితే చుక్కలో మట్టం మారుతుంది. ఒక అడుగు దీనిది, ఒక అడుగు దానిది. విద్యుదయస్కాంత తరంగాల కోసం 1966లో కేన్ యీ ఈ సందు చుక్కల అమరికను ప్రచురించాడు. 1986లో జాన్ వీర్యూ భూకంప తరంగాలకు వాడాడు. సునామీ లెక్కలదీ ఇదే పద్ధతి.

అడుగు ఎంత వేయాలన్నదానికి ఒక కట్టుబాటు ఉంది. కంప్యూటరే లేని 1928లో కూరాంట్, ఫ్రీడ్రిక్స్, లెవీ అనే ముగ్గురు గణితజ్ఞులు పెట్టి పోయారు. ఒక్క అడుగు కాలంలో అల పక్క చుక్కను దాటిపోకూడదు, అంతే. 3000 మీటర్ల లోతున్న బంగాళాఖాతంలో సునామీ సెకనుకు 170 మీటర్లు పోతుంది, అంటే గంటకు 600 కిలోమీటర్ల పైమాటే. చుక్కలు కిలోమీటరుకొకటి పెట్టుకుంటే ఐమూలగా పోయే అలకూ సరిపోవాలి కాబట్టి కాలం అడుగు నాలుగు సెకన్ల దగ్గర ఆగాలి. తొందరపడి ఏడు పెట్టారా, చుక్క విడిచి చుక్క పైకీ కిందికీ రంపం పళ్లలా లేస్తాయి. కాసేపటికి హిమాలయాలను మించిన అలలు, ఆ తర్వాత తెర నిండా "నాన్". 'ఇది అంకె కాదు' అని కంప్యూటర్ భాషలో దాని అర్థం. అరవం కలిసిన మా తడవాళ్లకు అది 'నేను' అని వినబడుతుంది. తప్పు ఎవరిదని అడిగితే అంతకంటే సరైన జవాబు లేదు.

ఇలా కేకలు వేసే తప్పులతో పేచీ లేదు. సాయంత్రానికి దొరికిపోతాయి. నన్ను ముంచింది బుద్ధిగా కూర్చున్న తప్పు.

కొత్తగా పనిలో చేరిన రోజుల్లో దుగరాజపట్నం తీరానికి ఒక సునామీ కట్టాను. మొదటి అల వచ్చి వెళ్లింది. సుమారు గంటకు ఇంకొకటి వచ్చింది, చక్కగా, నున్నగా. పుస్తకాల్లో ఎక్కడా లేని అల! రెండు రోజులు నిద్రపట్టలేదు. కారణాలు కూడా అల్లుకున్నాను. అండమాన్ అన్నాను, సముద్రపు అడుగున ఏదో గట్టు ఉందన్నాను. మూడో రోజు మా పెద్దాయన గ్రాఫు చూసి ఒకటే అడిగారు: "తూర్పున నీ సముద్రం ఎక్కడ అయిపోయిందయ్యా?"

కంప్యూటర్‌లో చోటు చాలక తీరం నుంచి 250 కిలోమీటర్ల దగ్గర చుక్కలు ఆపేశాను. ఒడ్డుకు తగిలి వెనక్కు పోయిన అల, చుక్కలు అయిపోయినచోట గోడ ఉందనుకుని మళ్లీ తిరిగొచ్చింది. పోయిరావడానికి దాదాపు గంట. రెండు రోజులు నేను మురిసిపోయింది నేను కట్టిన గోడను చూసి.

ఈ గోడతో తంటా అందరికీ ఉన్నదే. సముద్రం మొత్తాన్ని ఎవరూ పెట్టలేరు, ఎక్కడో తెగ్గొట్టాలి. తెగిన అంచు దగ్గర అలను మెల్లగా ఇంకిపోయేలా చేసే పట్టీ ఒకటి పెడతాం, నీళ్లు పీల్చే స్పాంజిలాగా. 1994లో బెరాంజే అనే ఫ్రెంచ్ శాస్త్రవేత్త కనిపెట్టిన పట్టీ వాటిలో అన్నింటికంటే మేలైనది. అదీ మొదట విద్యుదయస్కాంత తరంగాలకే. మా సగం సామాను ఆ ఇంటి నుంచి అరువు తెచ్చుకున్నదే.

అయితే తిరిగొచ్చే అలలన్నీ దొంగవి కావు. 2004 డిసెంబర్ 26 ఉదయం ఆరున్నరకు సుమత్రా దగ్గర భూమి కదిలింది. తొమ్మిది దాటగానే నీరు చెన్నై తీరానికి వచ్చింది. రెండున్నర గంటల వ్యవధి ఉండి కూడా చెప్పేవాళ్లు లేరు. ఆ రోజు చాలాచోట్ల మొదటి అల కంటే తర్వాతివే పెద్దవి. శ్రీలంకను చుట్టుకుని, మాల్దీవుల వైపు నుంచి మళ్లి వచ్చిన అలలు కేరళను కూడా కొట్టాయి. మన లెక్కలో కనబడే రెండో అలను గోడదని కొట్టిపారేస్తే ప్రాణాలు పోతాయి, నిజమని నమ్మితే ఊళ్లు ఊరకే ఖాళీ అవుతాయి. ఏది నేల నుంచి వచ్చింది, ఏది నా గోడ నుంచి వచ్చింది? ఇన్నేళ్లలో నేను నేర్చుకున్న పనితనమంతా ఈ ఒక్క ప్రశ్న చుట్టూనే తిరిగింది. సమీకరణాలు మొదటి ఏడాదిలోనే వచ్చేస్తాయి.

2007 అక్టోబర్‌లో హైదరాబాద్‌లోని సముద్ర సమాచార సంస్థ ఇన్‌కాయిస్‌లో సునామీ హెచ్చరిక కేంద్రం మొదలైంది. సముద్రం లేని ఊళ్లో సముద్రపు కాపలా అని అప్పట్లో నవ్వుకున్నాం. భూకంపం వచ్చాక లెక్క మొదలుపెడితే ఆలస్యమవుతుందని అక్కడ ముందే బోలెడు సునామీలు కట్టి దాచుకున్నారు, జపాన్ తోహోకు విశ్వవిద్యాలయం వాళ్ల టునామి-ఎన్2 ప్రోగ్రాంతో. 2012 ఏప్రిల్ 11 మధ్యాహ్నం సుమత్రా దగ్గర మళ్లీ భూకంపం వచ్చింది, తీవ్రత 8.6. చెన్నైలో జనం మేడలు దిగి రోడ్ల మీదికి వచ్చారు. కానీ ఈసారి సముద్రపు అడుగు పైకి లేవలేదు, పక్కకు జరిగింది. నీరు పెద్దగా కదల్లేదు. భూకంపం ఎంతటిదో కొన్ని నిమిషాల్లో తెలుస్తుంది, ఎలా కదిలిందో తెలియడానికి ఇంకాస్త సేపు కావాలి. ఆ కాస్త సేపట్లో చేసే నిర్ణయం ఎవరికీ వద్దు బాబూ అనిపిస్తుంది నాకు.

ఈ మధ్య ఊళ్లో ఉంటున్నాను కదా, పులికాట్ వరకు చిన్న లెక్క ఒకటి సొంతానికి కట్టుకున్నాను. సముద్రం లోతుల పటాలు ఉచితంగానే దొరుకుతాయి, దాదాపు అరకిలోమీటరుకొక అంకె. వాటితో నడిపితే అల శ్రీహరికోట ఇసుకగట్టుకు కొట్టుకుని వెనక్కు పోయింది, సరస్సులోకి చుక్క నీరు రాలేదు. చూస్తే, పళవేర్కాడు దగ్గర ముఖద్వారం రెండు చుక్కల సందులో పడి మూసుకుపోయి ఉంది. మళ్లీ నా గోడే. అప్పుడు లేని అలను పుట్టించింది, ఇప్పుడు ఉన్న దారిని మూసేసింది. ఆ చుక్కలో చేత్తో అంకె మార్చి సరస్సు తెరిచాను. నీరు లోపలికొచ్చి నీరసంగా నడిచింది. మీటరు లోతులో అల వేగం గంటకు సుమారు 11 కిలోమీటర్లే, మా మేనల్లుడి సైకిలు నయం.

అయినా సరస్సంతటికీ ఒకటే మీటరు రాసుకోవడం మనసొప్పలేదు. మొన్న భీములవారిపాళెం పోయి పడవ మాట్లాడుకున్నాను. ఇరకం దీవి దారిలో పడవాయన గెడ దింపుతూ చెబుతుంటే నేను రాసుకుంటూ పోయాను.

"ఈడ మోకాలు సార్. ఆ వల కట్టెలకాడ మొలలోతు. నడి కాలవలో అయితే మనిషి మునుగుద్ది."

"ఇక్కడేమిటన్నా, నేల తగులుతోంది?"

"ఇదా? ఇది మొన్న వానలకి పడిన మేట. నిరుడు ఈడ పడవ సాఫీగా పోయేది." గెడ పైకి తీసి అడుగున అంటిన నల్లటి అడుసును నీళ్లలో జాడించాడు. "రాసుకుంటే రాసుకో సార్. సంకురేత్రికి ఇది యాడుంటదో నాకే తెలీదు."

లోతు పక్కన ఆ రోజు తేదీ కూడా వేసుకున్నాను.