మాటల్లేని పదహారు నిమిషాలు

న్యూయార్క్‌లోని ఈస్ట్ హార్లెమ్. హాలోవీన్ పండగ. పొడవాటి మేజోళ్లలో పిండి నింపుకుని పిల్లలు ఒకరినొకరు తరుముతూ బాదుకుంటున్నారు. ఎందుకు, ఏమిటి అని చెప్పే గొంతు వెనక నుంచి వినిపించదు. ‘ఇన్ ద స్ట్రీట్’ అనే ఈ డాక్యుమెంటరీ సుమారు పదహారు నిమిషాలే. 1940ల నడుమ ఫొటోగ్రాఫర్ హెలెన్ లెవిట్, జానిస్ లోబ్, రచయిత జేమ్స్ ఏజీ కలిసి తీశారు.

లెవిట్ బ్రూక్లిన్‌లో 1913లో పుట్టారు. ఈస్ట్ హార్లెమ్ పిల్లలకు బొమ్మలు గీయడం నేర్పే రోజుల్లో, వాళ్లు సుద్దముక్కలతో వీధుల్లో గీసిన గీతలు ఆమెను కట్టిపడేశాయి. వాటిని ఫొటోలు తీస్తూ తీస్తూ వీధినే తన చోటు చేసుకున్నారు.

లైకా కెమెరాకు ఆమె ఒక పక్కచూపు వ్యూఫైండర్ బిగించేవారు. తను చూసేది ఒకవైపు, లెన్స్ తిరిగి ఉండేది మరోవైపు. దాంతో ఎదుటివాళ్లు సర్దుకుని నిలబడే ప్రసక్తే లేదు. మరి అడగకుండా తీయడం తప్పు కాదా? అడగాల్సిన ప్రశ్నే. అలాంటి ఫొటోను సమర్థించుకోవాలంటే అందులోని మనిషి చులకన కాకూడదు. లెవిట్ ఆ పరీక్షకు నిలుస్తారు.

1940 ప్రాంతంలో తీసిన ఒక ఫొటో చూడండి. ఇంటి ముందు మెట్ల మీద ముగ్గురు పిల్లలు. పైమెట్టు మీది అమ్మాయి ఇంకా మాస్కు సర్దుకుంటోంది. రెండోవాడు మాస్కుతో అడుగు బయటపెడుతున్నాడు. మూడోవాడు అప్పటికే కిందికి దిగి, తీరిగ్గా వీధిని చూస్తున్నాడు. పేదవాడ అనగానే చిరుగుల కోసం వెతికే కెమెరాలకు ఈ దర్జా దొరకదు.

తర్వాత్తర్వాత టీవీలు వచ్చాయి, ఏసీలు వచ్చాయి. ఉక్క భరించలేక మెట్ల మీద కూర్చునే జనం తగ్గారు, పిల్లలు ఇళ్లలోకి వెళ్లిపోయారు. పైగా గుగ్గెన్‌హైమ్ ఫెలోషిప్‌తో ఆమె తీసిన రంగుల చిత్రాల్లో ఎక్కువ భాగం 1970లో ఇంట్లో దొంగలు పడి ఎత్తుకుపోయారు. అంతటి దెబ్బ తగిలాక కూడా ఆమె మళ్లీ అదే నగరంలో, అవే వీధుల్లో రంగుల్లో తీయడం మొదలుపెట్టారు. 1974లో న్యూయార్క్ మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్ ఆ చిత్రాలను స్లైడ్లుగా ప్రదర్శించింది.

‘ఇన్ ద స్ట్రీట్’ 2006లో అమెరికా జాతీయ సినిమా రిజిస్ట్రీకి ఎక్కింది. సుల్తాన్ బజార్‌లోనో బీసెంట్ రోడ్డులోనో ఫోన్ పట్టుకుని వీధిని తీస్తున్న కుర్రకారు, రీల్‌కు పాట వెతికే ముందు ఈ సినిమా ఒక్కసారి చూడాలి.