జాబ్ చెడితే ఎవరికి చెప్పాలి?

ఐటీఐలో ఫిట్టర్ ట్రేడ్‌కు వచ్చిన పిల్లలతో మొదట్లో నేను ఎక్కువగా చేయించేది ఆకురాయి పనే. ఇనుప ముక్కను వైస్‌లో బిగించి చదును చేయాలి. ట్రై స్క్వేర్ ఆనించి వెలుతురుకు ఎత్తి చూడాలి. సందులోంచి కాంతి తొంగిచూసిందా, మళ్లీ రుద్దాల్సిందే. అరచేతులు బొబ్బలెక్కుతాయి. రెండేళ్లలో చెయ్యి కుదురుతుంది, 0.02 మిల్లీమీటర్ల వరకు చదివే వెర్నియర్ అలవాటవుతుంది. నా దిగులంతా ఆ తర్వాతి రోజుల గురించే.

మా దగ్గర కొలత తప్పిన ముక్క స్క్రాప్‌లోకి పోతుంది, ఇంకోటి ఇస్తాం. ఫ్యాక్టరీలో జాబ్, అంటే పనిచేయాల్సిన ముక్క, చేతికొచ్చేసరికే దాని మీద ఎందరో పనిచేసి ఉంటారు. చివరి రంధ్రం పక్కకు జరిగితే వాళ్లందరి శ్రమా పోయినట్టే. కొత్తగా చేరినవాడికి అది తెలుసు, అందుకే భయపడి దాచేస్తాడు. దాచిన తప్పు బిగింపులో బయటపడితే అదృష్టమే. తిరిగే మిషన్‌లో బయటపడితే ఎవరి వేళ్లు పోతాయో!

ఐటీఐ అయ్యాక ఫ్యాక్టరీలో అప్రెంటిస్‌గా చేరినా, 1961 నాటి అప్రెంటిస్‌ల చట్టం దృష్టిలో అతను శిక్షణలో ఉన్నవాడే, కార్మికుడు కాడు. శిక్షణ ముగిశాక పనిలోకి తీసుకునే విధానాన్ని 2014 సవరణ యజమానికే వదిలింది. రైల్వేలోనే అప్రెంటిస్‌షిప్ చేసినవాళ్లకు అక్కడి లెవెల్-1 ఉద్యోగాల్లో 20 శాతం కేటాయింపు ఉంది, మంచిదే. మిగతావాళ్లలో చాలామంది కాంట్రాక్టు పనికి పోతారు. అక్కడ పక్కన నిలబడి చూసే సీనియర్ ఉండడు. స్టైపెండ్ పెంచమని అడిగేవాళ్లున్నారు, అడగాలి కూడా. మొదటి ఏడాది ఫలానా మనిషి నీకు తోడు అని పేరు పెట్టి చెప్పమని అడిగేవాళ్లే కనబడరు.

మొన్న పాత విద్యార్థిని ఒకమ్మాయి భోజన విరామంలో ఫోన్ చేసింది.

"సార్, డ్రిల్లింగ్‌లో రంధ్రం జరిగింది. ఇంకా ఎవరూ చూళ్లేదు. చెప్పేయనా?"

"ఇప్పుడే చెప్పమ్మా, జాబ్ నీ చేతిలో ఉండగానే."

ఫోర్‌మన్ కేకలేశాడట. ఆ తర్వాత తనే కూర్చుని, రంధ్రాన్ని ప్లగ్‌తో మూసి మళ్లీ వేయించాడట. జాబ్ దక్కింది. కేకలేసినా దగ్గర కూర్చున్నాడు చూడండి, అలాంటివాడు ప్రతి ఫ్యాక్టరీలో ఉండాలి.

ఈ బ్యాచ్‌తో నా వారపు మార్కుల పద్ధతి మార్చాను. తప్పు జరిగిందని తానే వచ్చి చెబితే సగం మార్కులు ఉంటాయి. దాచింది నేను పట్టుకుంటే సున్నా.