గొర్రెలా పడుకునే చామంతి చుట్టం

న్యూజిలాండ్ దక్షిణ దీవి కొండల్లో మందను వెతుక్కుంటూ పోయే కాపరులకు ఎగువన రాళ్ళ మధ్య తెల్లగా ఓ గొర్రె పడుకున్నట్టు కనబడుతుంది. దగ్గరికి పోతే అది మొక్క! అందుకే దాన్ని ‘మొక్క గొర్రె’ అన్నారు. శాస్త్రీయంగా రవూలియా ఎగ్జీమియా. 1840ల్లో ఆ దీవిలో మొక్కలు సేకరించిన ఫ్రెంచి నౌకాదళ వైద్యుడు ఎడువార్ రవూల్ పేరే దానికి పెట్టారు.

ఇది చామంతి కుటుంబం. మన పొలంగట్ల మీది గడ్డి చామంతి కూడా దీనికి చుట్టమే. కానీ గడ్డి చామంతి కాడ సాచి పువ్వును పైకెత్తుతుంది. ఇక్కడ పువ్వులు నూగు ఆకుల్లో మునిగి ఉంటాయి. వేలితో నొక్కితే దిండులా లోపలికి పోదు, గట్టిగా తగులుతుంది. వేల చిగుళ్ళు ఒకదానికొకటి ఒరుసుకుని గాలిని లోపలికి రానివ్వవు. ఎండిన పాత ఆకులు రాలిపోకుండా లోపలే చివికి, నీటిని పట్టి ఉంచే మెత్తటి పదార్థంగా మారతాయి.

దాన్ని తోటలో బతికించడం మహా కష్టం. అందుకే రాతి తోటల వాళ్ళు ఎక్కువగా దాని చెల్లెలు రవూలియా ఆస్ట్రాలిస్‌ను పెంచుతారు. ఏటి గులకరాళ్ళ మీద పరుచుకునే వెండి చాప అది. ఆకు పొడవు దాదాపు 2 మిల్లీమీటర్లు.

చలికి జడవని ఈ మొక్క చలికాలపు తడికి చచ్చిపోతుంది. ఆకుల నూగు వాన నీటిని వదలదు. చాప నడుమ గోధుమరంగు మచ్చ పడి కుళ్ళు మొదలవుతుంది. బ్రిటన్‌లో దీన్ని పెంచేవారు అందుకే శీతకాలంలో పైన అద్దం పలక కప్పుతారు, పక్కలు మాత్రం గాలికి వదిలేస్తారు. మట్టిలో ముతక ఇసుక ధారాళంగా కలుపుతారు. ఆకుల కింద సన్న గులకరాళ్ళు పరుస్తారు. ఇంత శ్రద్ధ అరచేతిలో పట్టే మొక్క కోసం! ఆ శ్రద్ధే ఈ పనిలోని అందం.

మచ్చ పడినా ఆశ వదలక్కర్లేదు. కుళ్ళిన భాగం తీసేసి ఆ గుంటలో ఇసుక నింపితే పక్క చిగుళ్ళు దాని మీదికి పాకి వేళ్ళు దించుతాయి. వసంతంలో అంచున వేళ్ళున్న ముక్కను తీసి వేరే కుండీలో నాటుకోవచ్చు.

ఇక నీళ్ళు. పైనుంచి పోయరు. కుండీని నీళ్ళ పళ్ళెంలో పెడతారు. పైన గులకరాళ్ళ రంగు ముదరగానే బయటికి తీసేస్తారు.