మృచ్ఛకటిక న్యాయసభలో ఆనవాలు

శూద్రకుని మృచ్ఛకటికమున నవమాంకము న్యాయసభ. చారుదత్తుడు నిర్దోషి యని ప్రేక్షకులకు ముందే తెలియును. అయినను అతనికి వధ విధింపబడును. ఈ యన్యాయమునకు సాధారణముగా రెండు కారణములు చెప్పుదురు: రాజశ్యాలుడైన శకారుని బెదిరింపు, పాలకరాజు క్రౌర్యము. అధికరణికుడు మాత్రము మంచివాడు, పరాధీనుడు అని విడిచిపెట్టుదురు. ఇది నాకు సమ్మతము కాదు. మరణశిక్ష రాజుది, నిజమే. బ్రాహ్మణుని వధింపరాదనియే అధికరణికుడు రాజునకు విన్నవించెను. కాని చారుదత్తుడు హంతకుడన్న నిర్ణయము సభదే. ఆ నిర్ణయము చెడినది ఆనవాలు పట్టుటలో.

వీరకుని సాక్ష్యము చూడుడు. నగరరక్షకుడైన వీరకుడు వసంతసేన విషయమై రాలేదు. తోటి రక్షకుడైన చందనకుడు తన్నెనని మొరపెట్టుకొనుటకు వచ్చెను. మూసిన బండిలోనికి తానును తొంగిచూతునన్నందుకే ఆ తన్ను. బండి ఎవరిదని సభ యడిగినది. చారుదత్తునిదనియు, అందు వసంతసేన పుష్పకరండకోద్యానమునకు పోవుచున్నదని బండివాడు చెప్పెననియు అతడు పలికెను. బండివాడైనను చూచెనా? లేదు. వెనుక గలగలమన్న సవ్వడిని అందెల మ్రోత యనుకొనెను. అది చెర తప్పించుకొని వచ్చిన ఆర్యకుని కాలి సంకెల. వసంతసేన పొరపాటున ఎక్కినది శకారుని బండి. తాను చూడలేదనియే ఫిర్యాదు చేయుచున్న మనుష్యుని మాటనే సభ ప్రమాణముగా గైకొనినది!

పిమ్మట అతనినే గుఱ్ఱమెక్కించి తోటకు పంపిరి. మృగములు పీక్కొని తినుచున్న స్త్రీ కళేబరము కనబడెనని తిరిగివచ్చి చెప్పెను. స్త్రీ యని ఎట్లెరిగితివని శ్రేష్ఠికాయస్థు లడిగిరి. మిగిలిన కేశములు, చేతులు, పాదములనుబట్టి యని బదులు వచ్చెను. చక్కని ప్రశ్న, సగము ప్రశ్న. ఏ స్త్రీ యని ఎవ్వరును అడుగలేదు. శకారుడు గొంతు నులిమి ఆకుల క్రింద కప్పిన వసంతసేనను బౌద్ధభిక్షువు బ్రతికించుకొని పోయెను. ఆ కళేబరము వేరొక యభాగ్యురాలిది.

ఇదే సభ నగల విషయమున ఎంత జాగ్రత్తగా నడచినదో చూచినపుడు ఈ లోపము మరింత బాధించును. మైత్రేయుని నడుమునుండి జారిపడిన ఆభరణములను వసంతసేన తల్లికి చూపిరి. ఆమె తేరిపార జూచి, వానివలె నున్నవి గాని అవి కావనెను. కనులతో గుర్తించి నోటితో దాచుచున్నదని శకారుడు గద్దించెను. ఆమె దయతో దాచెనా, నిజముగా సంశయించెనా, కవి తేల్చలేదు. పనివాడు చూచిన నగవంటి నగను చేయగలడని అధికరణికుడు ఒప్పుకొనెను. నగలు రెండు ఒక్కరీతి నుండవచ్చునని తలచినవాడు కళేబరముల విషయమున ఆ తలపే రానీయలేదు.

ఇది ప్రాచీననాటకపు ముచ్చట మాత్రమే కాదు. లండనులో అడాల్ఫ్ బెక్ అను నార్వేజీయుని, తమ నగలు మోసగించి కాజేసినవాడు ఇతడేయని పలువురు స్త్రీలు ఆనవాలు పట్టగా, 1896లో ఏడేండ్ల కఠినశిక్ష విధించిరి. 1904లో మరల అట్లే దోషిగా నిర్ణయించిరి. కొలది దినములకే అసలు మోసగాడు దొరికెను. ఆ స్త్రీలు అబద్ధమాడలేదు. గట్టిగా నమ్మి చెప్పిరి, అదియే ప్రమాదము. మన దేశమున, ఆంధ్రప్రదేశమునుండి వెళ్లిన అప్పీలులో సుప్రీంకోర్టు 1960లో ఈ సంగతి విచారించినది. సాక్షికి ముద్దాయి అపరిచితుడైనపుడు, కోర్టులో వేలుచూపుట ఒక్కటి సాధారణముగా చాలదనియు, అంతకుముందే పలువురి నడుమ నిలిపి గుర్తింపజేసిన పరీక్ష దానికి బలముగా నుండుట క్షేమమనియు చెప్పినది.

వసంతసేన తల్లి పలికినది ప్రాకృతము. అధికరణికుని వాక్కు సంస్కృతము. ఆమె మాటలోని ‘వలె’ ఆ దాటులో జారిపోలేదు. తమిళనాటను, కన్నడసీమను తరతరములుగా నున్న మనకు ఇది చిన్న సంగతి కాదు. మనవాడు బోనెక్కి ‘వాడిలాగున్నాడు’ అనును. ఆ మాట పరభాషలోనికి మారి కాగితమున కెక్కును. ‘లాగు’ జారినచో ‘వాడే’ మిగులును. మా పాఠశాలలో ఉపమావాచకములు చెప్పునపుడు అలంకారశాస్త్రము కొరకే చెప్పుచున్నామని పిల్లలు తలచుదురు.

చారుదత్తుడు మాత్రము నగలు ఆ యమ్మ కూతురివేయని తానే ఒప్పుకొనెను. తల్లి తెచ్చిన సంశయలాభము నిజాయితీ వలననే పోయెను. దశమాంకమున, వధ్యస్థానమున, వసంతసేన పరుగున వచ్చి అతని రొమ్ముపై వ్రాలినపుడు అతడు వెంటనే నమ్మలేదు. ఈమె చనిపోని ఆ వసంతసేనయేనా, స్వర్గమునుండి దిగివచ్చినదా, లేక ఆమె రూపమే గల మరియొకతెయా యని శంకించెను. న్యాయసభలో ఎవ్వరికిని తోచని ఆ ప్రశ్నను శూద్రకుడు వధ్యుని నోటనే పలికించెను.